మైకేల్ క్రైటన్: ఆధారాల వేషం కట్టిన కల్పన

మైకేల్ క్రైటన్ (1942–2008) అమెరికన్ నవలాకారుడు, సినిమా దర్శకుడు, టెలివిజన్ రచయిత. వైద్యపట్టా చేతికొచ్చినా ఒక్కరోజూ వైద్యవృత్తి చేయకుండా రచనలోకి వచ్చినవారు. 'జురాసిక్ పార్క్' కర్తగా ప్రపంచమంతా ఎరిగిన పేరు. ఆయన పుస్తకాలు 20 కోట్ల ప్రతులకు పైగా అమ్ముడయ్యాయని అంచనా. విజ్ఞానశాస్త్రాన్ని సామాన్య పాఠకుడి చేతికిచ్చిన రచయిత అనీ, రేపు జరగబోయేది ముందే చూసిన మనిషి అనీ ఆయన్ని మెచ్చుకునేవారున్నారు. సైన్సు మీద జనానికి లేనిపోని భయం పుట్టించారని తప్పుపట్టేవారూ ఉన్నారు. ఈ రెండు అంచనాలూ ఆయన పనిలోని కీలకాన్ని పట్టుకోలేదు. క్రైటన్ కొత్త విజ్ఞానాన్ని ఊహించినవాడు కాదు, వాడుకున్నదంతా అప్పటికే పత్రికల్లో వచ్చిన పరిశోధనే. ఆయన కనిపెట్టింది ఒక రాతపద్ధతి. నివేదికలు, గ్రాఫులు, కంప్యూటర్ ముద్రణలు, ఫుట్‌నోట్లు, ఆధార గ్రంథాల పట్టికలు అన్నిటినీ కథలోకి తెచ్చి, కల్పనను రుజువైన సంగతిలా నమ్మించే పద్ధతి అది. ఆయన విజయాలన్నిటికీ అదే మూలం, చివరి పదేళ్లలో ఆయన మీద వచ్చిన పెద్ద వివాదానికీ అదే మూలం.

ఆయన పుట్టింది 1942 అక్టోబర్ 23న షికాగోలో, పెరిగింది న్యూయార్క్ దగ్గరి లాంగ్ ఐలండ్‌లో. తండ్రి పత్రికా రంగంలో పనిచేసేవారు. కొడుకు రాసిన ఒక యాత్రావ్యాసం 14 ఏళ్ల వయసులోనే 'న్యూయార్క్ టైమ్స్'లో అచ్చయింది. 1960లో హార్వర్డ్‌లో సాహిత్యం చదవడానికి చేరిన క్రైటన్‌కు అక్కడ పడుతున్న మార్కులు నచ్చలేదు. పరీక్షించి చూద్దామని జార్జ్ ఆర్వెల్ వ్యాసమొకటి తన పేరుతో అప్పగిస్తే దానికి 'బి మైనస్' వచ్చిందని ఆయనే తర్వాత రాసుకున్నారు. రాతకు విలువ కట్టేటప్పుడు చదివేవాడు సరుకు కన్నా పైన ఉన్న పేరునూ ముద్రనూ చూస్తాడన్న అనుమానం ఆయనకు అంత చిన్న వయసులోనే కలిగిందనుకోవాలి. సాహిత్యం మాని మానవశాస్త్రానికి మారి 1964లో అత్యున్నత శ్రేణిలో పట్టా పుచ్చుకున్నారు. కొంతకాలం కేంబ్రిడ్జ్‌లో పాఠాలు చెప్పి, తిరిగొచ్చి హార్వర్డ్ వైద్య కళాశాలలో చేరారు. అక్కడి ఖర్చుల కోసం జాన్ లాంజ్ అన్న కలంపేరుతో వరసగా థ్రిల్లర్లు రాశారు. జెఫ్రీ హడ్సన్ అన్న మరో పేరుతో రాసిన 'ఎ కేస్ ఆఫ్ నీడ్' (1968) అపరాధ పరిశోధన నవలలకిచ్చే ఎడ్గార్ పురస్కారం తెచ్చుకుంది. దాదాపు 206 సెంటీమీటర్ల పొడగరి అయిన ఈ విద్యార్థి, 17వ శతాబ్దపు ఇంగ్లండ్ రాణి కొలువులోని ప్రసిద్ధుడైన మరుగుజ్జు పేరును ఏరికోరి పెట్టుకున్నాడు. 1969లో వైద్యపట్టా వచ్చింది. లైసెన్సు మాత్రం ఎన్నడూ తీసుకోలేదు.

అదే సంవత్సరం సొంత పేరుతో వచ్చిన 'ది ఆండ్రోమెడా స్ట్రెయిన్' ఆయన జీవితాన్ని మార్చేసింది. అంతరిక్షం నుంచి తిరిగొచ్చిన ఉపగ్రహం ఒకటి ఆరిజోనాలోని ఓ పల్లెలో పడుతుంది. ఊరు ఊరంతా చనిపోతే ఒక ముసలాయన, ఒక పసిబిడ్డ మాత్రం బతుకుతారు. కారణం వెతకడానికి శాస్త్రవేత్తలు నెవాడా ఎడారి అడుగున కట్టిన 'వైల్డ్‌ఫైర్' అనే ప్రయోగశాలలోకి దిగుతారు. చంద్రుడి మీద మనిషి కాలుపెట్టిన ఏడాదే ఈ నవల వచ్చింది. అపోలో 11 వ్యోమగాములను అజ్ఞాత సూక్ష్మజీవుల భయంతో మూడు వారాల పాటు విడిగా ఉంచిన రోజులవి. కాబట్టి ఇతివృత్తం జనం నోట్లో నానుతున్నదే. కొత్తదనమంతా చెప్పిన తీరులో ఉంది. మొదటి రాతప్రతి చూసిన ప్రచురణ సంపాదకుడు రాబర్ట్ గాట్‌లీబ్, పాత్రలకు ఇంకా ప్రాణం పోయమని అడగలేదు. ఉన్న పాత్రచిత్రణ కూడా తీసేసి దీన్ని జరిగిన ఘటన మీద నివేదికలా మార్చమన్నారు. ఫలితంగా ఆ పుస్తకం ఒక ప్రభుత్వ రహస్యపత్రంలా తయారైంది. మధ్యమధ్య పరీక్షల ఫలితాలు, యంత్రం కొట్టిన పట్టికలు, చివర శాస్త్రపత్రాల జాబితా ఉంటాయి. ఆ జాబితాలో కల్పించిన పత్రాలున్నా, చూసేవాడికి అనుమానం రాదు.

ఆ నవలలోనే ఆయన జీవితాంతం వదలని విషయం కూడా బయటపడింది. సకల జాగ్రత్తలతో కట్టిన వైల్డ్‌ఫైర్‌కు ఒక ముఖ్యమైన వార్త చేరదు. వార్త వచ్చినప్పుడు మోగాల్సిన గంటకూ దాన్ని కొట్టే మీటకూ మధ్య చిన్న కాగితం ముక్క ఇరుక్కుపోవడమే కారణం. ప్రమాదకరమైన జీవి తన దారిన తాను రూపు మార్చుకుని హానిలేనిదైపోతుంది. నిజంగా చావు దగ్గరికి తెచ్చేది మనుషులు తమ రక్షణ కోసం పెట్టుకున్న అణుబాంబే. ముగింపు తేలిపోయిందని అప్పట్లోనే విమర్శ వచ్చింది, అందులో న్యాయం ఉంది. కానీ ఆయన దృష్టి ఎక్కడుందో ఈ ముగింపే చెబుతుంది. విజ్ఞానం చెడ్డదని ఆయన అనలేదు. అంతా మన అదుపులో ఉందని నమ్మి కట్టుకున్న వ్యవస్థలు ఎంత చిన్న సందులోంచి కూలిపోతాయో చూపించారు.

ఆధారాల వేషం ఎంత బలమైనదో రుజువు చేసే పుస్తకం ఆయన రచనల్లో అంతగా పేరు రానిది. 'ఈటర్స్ ఆఫ్ ది డెడ్' (1976)లో, 10వ శతాబ్దంలో బాగ్దాద్ నుంచి ఓల్గా నదీతీరానికి రాయబారంతో వెళ్లిన ఇబ్న్ ఫద్లాన్ అసలు యాత్రాకథనాన్ని మొదటి అధ్యాయాల్లో వాడుకుని, ఆ తర్వాత 'బేవుల్ఫ్' కావ్యకథను అదే గొంతుతో, పండితుడి వ్యాఖ్యలతో, దొంగ ఫుట్‌నోట్లతో అల్లేశారు. కొన్నేళ్లకు ఏది నిజమో ఏది కల్పనో తనకే గుర్తులేకుండా పోయిందనీ, తన జాబితాలోని కొన్ని గ్రంథాల కోసం లైబ్రరీలో గంటల తరబడి వెతికి, చివరికి అవి తాను పుట్టించినవేనని తేల్చుకున్నాననీ తరువాతి ముద్రణకు రాసిన వివరణలో ఒప్పుకున్నారు. సరదాగా చెప్పిన సంగతే. అయినా రాసినవాడినే మోసగించగల పద్ధతి చదివేవాడిని ఏం చేస్తుందో వేరే చెప్పనక్కరలేదు.

సినిమా రంగంలో ఆయన పని గురించి కొంచెం చెబితే చాలు. 'వెస్ట్‌వరల్డ్' (1973) రాసి, దర్శకత్వం వహించారు. యంత్రమానవుడి కంటికి లోకం ఎలా కనిపిస్తుందో చూపడానికి ఆ చిత్రంలో కంప్యూటర్‌తో బొమ్మను మార్చారు. కథాచిత్రాల్లో అది మొదటిసారి. రాబిన్ కుక్ నవల ఆధారంగా 'కోమా' (1978), తన సొంత నవల ఆధారంగా 'ది గ్రేట్ ట్రెయిన్ రాబరీ' తీశారు. చిత్రనిర్మాణ ఖర్చులనూ షెడ్యూళ్లనూ కంప్యూటర్‌తో లెక్కగట్టే పని తొలినాళ్లలోనే చేసినందుకు 1995లో అకాడమీ సాంకేతిక పురస్కారం దక్కింది. 1974లో రాసిపెట్టుకున్న ఆసుపత్రి కథ ఇరవై ఏళ్ల తర్వాత 'ఇ.ఆర్.' టెలివిజన్ ధారావాహికగా 1994 సెప్టెంబర్‌లో మొదలై 15 సీజన్లు నడిచింది. 1994 చివర్లో అమెరికాలో మొదటి స్థానంలో ఉన్న సినిమా, టెలివిజన్ కార్యక్రమం, పుస్తకం మూడూ ఆయనవే. 'ఇ.ఆర్.'లో డాక్టర్లు ఒకరితో ఒకరు మాట్లాడుకునే వైద్య పదాలను ప్రేక్షకుడి కోసం విడమరచి చెప్పరు. అర్థం కాకపోయినా నిజమని నమ్మడానికి అదే కారణమైంది. నవలల్లోని గ్రాఫులు చేసే పనీ ఇదే.

'జురాసిక్ పార్క్' (1990) దగ్గర కాస్త ఆగాలి. చెట్టుజిగురు గట్టిపడి ఏర్పడిన అంబర్‌లో చిక్కుకున్న కీటకం పొట్టలోని రక్తం నుంచి డైనోసార్ డీఎన్ఏ తీసి ఆ జంతువును మళ్లీ పుట్టించడం ఈ నవలలోని ఊహ. అంబర్‌లోని ఈగ శరీరంలో కణనిర్మాణం చెక్కుచెదరకుండా ఉందని 1982లో జార్జ్ పాయినర్, రాబర్టా హెస్ ప్రచురించిన పరిశోధన దీనికి పునాది. డీఎన్ఏ తునకలను లక్షల రెట్లు పెంచే పీసీఆర్ పద్ధతిని కేరీ మల్లిస్ 1983లో రూపొందించారు. పక్షులకూ డైనోసార్లకూ చుట్టరికం ఉందనీ, డైనోసార్లు చురుకైన జంతువులనీ శిలాజ శాస్త్రవేత్త జాన్ ఆస్ట్రమ్ అంతకు ముందే వాదించారు. వ్యవస్థలు ఎందుకు ఊహకు అందకుండా పోతాయో చెప్పే కేయాస్ సిద్ధాంతం జేమ్స్ గ్లీక్ పుస్తకంతో 1987లో జనంలోకి వచ్చింది. వీటిలో ఒక్కటీ క్రైటన్ కనిపెట్టింది కాదు. నాలుగు దారాలనూ కలిపి ముడివేయడం మాత్రం ఆయన చేసిందే.

ఆ నవలలో గొప్ప సన్నివేశం టైరనోసారస్ దాడి అని సినిమా చూసినవారు అనుకుంటారు. నా లెక్కలో అది కంప్యూటర్ తెర ముందు కుర్చీల్లో కూర్చున్న మనుషుల మధ్య జరుగుతుంది. పార్కులో ఎన్ని జంతువులున్నాయో యంత్రం నిమిషనిమిషానికీ లెక్కిస్తుంది. 238 ఉండాలి, 238 ఉన్నాయి, అందరూ నిశ్చింతగా ఉన్నారు. గణితవేత్త ఇయాన్ మాల్కమ్ ఆ సంఖ్యను పెంచి వెతకమంటాడు. అప్పుడు 292 తేలతాయి. జంతువులు తప్పించుకుపోతాయేమోనన్నదే నిర్వాహకుల భయం, పెరుగుతాయన్న ఊహే వారికి లేదు. అందుకే అనుకున్న సంఖ్య రాగానే యంత్రం లెక్క ఆపేసేలా ప్రోగ్రామ్ రాసుకున్నారు. పిల్లల్ని పెట్టలేవనుకున్న జంతువులు పార్కులో పిల్లల్ని పెడుతున్నాయన్నమాట. ఒక పట్టికలోని అంకె మారితే పాఠకుడి వెన్నులో వణుకు పుట్టడం థ్రిల్లర్ సాహిత్యంలో అరుదు. ఇక్కడ పట్టిక అలంకారంగా కాక కథగా పనిచేస్తుంది. క్రైటన్ పద్ధతి అత్యున్నతంగా ఫలించిన చోటు ఇదే. లెక్కలను చూపించి నమ్మించిన రచయిత, లెక్కలను నమ్మినవాళ్లు ఎలా మోసపోతారో కూడా అక్కడే చూపించారు.

సైన్సు పరంగా ఆ నవల తప్పుల సంగతి అందరికీ తెలిసిందే. నిజమైన వెలాసిరాప్టర్ టర్కీ కోడి అంత ఉంటుంది. నవలలోని కొలతలు దాని బంధువైన డైనోనికస్‌వి. కదలని మనిషి టైరనోసారస్‌కు కనిపించడన్నదీ, డైలోఫోసారస్ విషం చిమ్ముతుందన్నదీ కల్పన. 1993 జూన్‌లో సినిమా విడుదలైన వారంలోనే కోట్ల ఏళ్ల నాటి పురుగు డీఎన్ఏ అంబర్‌లో దొరికిందని 'నేచర్' పత్రికలో వచ్చింది. ఆ ఫలితం తర్వాత నిలబడలేదు, బయటి డీఎన్ఏ కలవడమే దానికి కారణమని తేలింది. న్యూజిలాండ్ మోవా పక్షి ఎముకల మీద 2012లో వచ్చిన అధ్యయనం ప్రకారం అక్కడి పరిస్థితుల్లో డీఎన్ఏ బంధాల్లో సగం విరిగిపోవడానికి 521 ఏళ్లు చాలు. 6 కోట్ల 60 లక్షల ఏళ్ల కిందట అంతరించిన జంతువు డీఎన్ఏ మిగిలే ఆశ లేదు. అయినా ఇవేవీ నవలను బలహీనపరచలేదు. పాఠకుడికీ రచయితకూ మధ్య ఇది కథ అన్న ఒప్పందం ఉంది.

ఇక సైన్సుకు వ్యతిరేకి అన్న ఆరోపణ. పరిశోధన ఎప్పుడూ వికటించే కథలే రాశారు కాబట్టి ఆ మాట పుట్టింది. 1999లో అమెరికన్ శాస్త్ర పురోభివృద్ధి సంఘం సభలో శాస్త్రవేత్తలు దీన్ని లేవనెత్తితే, ఇబ్బంది లేకుండా కథ నడవదనీ, సినిమాల్లో అన్ని వృత్తులవారికీ ఇదే గతి పడుతుందనీ జవాబిచ్చారు. అది తప్పించుకునే జవాబు. అంతకన్నా బలమైన జవాబు ఆయన నవలల్లోనే ఉంది. 'ఎయిర్‌ఫ్రేమ్' (1996)లో గాలిలో జరిగిన ప్రమాదానికి విమానమే కారణమని టెలివిజన్ చానెల్ ముందే తీర్పు చెప్పేస్తుంది. కర్మాగారంలోని ఇంజనీర్లు ఓపికగా ఒక్కొక్క భాగమూ తనిఖీ చేసి, తప్పు ప్రధానంగా విమానం నడిపినచోట జరిగిందని తేలుస్తారు. ఆ పుస్తకంలో యంత్రం దోషి కాదు, దాన్ని అర్థం చేసుకునే తీరిక లేని వార్తాసంస్థ దోషి. సైన్సు అంటే పగ ఉన్నవాడు అంత శ్రద్ధతో రెక్కల అంచుల పనితీరు వివరించడు. పాత్రలు అట్టముక్కల్లా ఉంటాయన్న మరో ఆక్షేపణకు నేను వాదించను, అది నిజమే. కాకపోతే అది చేతకానితనం ఒక్కటే కాదు, గాట్‌లీబ్ సలహా నాటి నుంచీ తెలిసి ఎంచుకున్న దారి. నివేదికలో మనుషులకు లోపలి బతుకు ఉండదు.

ముందుచూపు ఉందన్న పొగడ్త కూడా ఏరి చెప్పిందే. 'వెస్ట్‌వరల్డ్'లోని కృత్రిమ మనుషుల వినోద కేంద్రాన్నీ, వార్తాపత్రికల పతనం గురించి 1993లో చేసిన ప్రసంగంలోని మాటలనూ గుర్తుచేస్తారు. 'రైజింగ్ సన్' (1992) గుర్తుచేయరు. జపాన్ అమెరికాను కొనేస్తోందని ఆధార గ్రంథాల పట్టికతో సహా హెచ్చరించిన ఆ నవల వచ్చేసరికి టోక్యో షేర్ల బజారు కూలిపోయి రెండేళ్లయింది. జపనీయుల మీద ద్వేషం రెచ్చగొట్టారన్న విమర్శ అప్పుడు గట్టిగా వచ్చింది. పట్టిక ఉన్నంత మాత్రాన వాదన నిలబడదని ఈ పుస్తకంతోనే తేలాల్సింది.

తేలలేదు. 'స్టేట్ ఆఫ్ ఫియర్' (2004)లో పర్యావరణ ఉద్యమకారులు విపత్తులను తామే సృష్టించి జనాన్ని భయపెడతారు. భూతాపం గురించిన ఆందోళన అతిశయోక్తి అని పాత్రల మాటల్లో, ఉష్ణోగ్రతల గ్రాఫుల్లో, ఫుట్‌నోట్లలో, చివర జతచేసిన అనుబంధాల్లో వాదించారు. ఈసారి ఫుట్‌నోట్లు నిజమైనవేనని పుస్తకం మొదట్లోనే చెప్పారు. అంటే పాత ఒప్పందం రద్దయింది. రచయిత సందేశంలో రాబోయే శతాబ్దంలో భూమి 0.812436 డిగ్రీలు వేడెక్కుతుందని తన ఊహ అంటూ, ఎవరి ఊహకైనా ఉన్నంత విలువ దానికీ ఉందన్నారు. అంకె పక్కన దశాంశాలు పేర్చితే నమ్మకం పెరుగుతుందని ఎద్దేవా చేయడం ఆయన ఉద్దేశం. ఆ కిటుకు మీదే 35 ఏళ్లు బతికిన రచయిత నోట అది వింతగా ఉంది. భూతాపం మీద వాతావరణ శాస్త్రవేత్త జేమ్స్ హాన్సెన్ 1988లో వేసిన అంచనా 300 శాతం తప్పిందన్నది నవలలోని ముఖ్య ఆరోపణ. హాన్సెన్ ఇచ్చింది ఒక అంచనా కాదు, మూడు. వాటిలో అతి తీవ్రమైనదాన్ని మాత్రమే చూపితేనే ఆ 300 శాతం వస్తుంది. జరగడానికి ఎక్కువ వీలుందని ఆయన చెప్పిన మధ్య అంచనాకు వాస్తవం దగ్గరగానే నడిచింది. అంటార్కిటికాలో కొంత భాగం చల్లబడిందన్న అధ్యయనాన్ని నవల వాడుకున్న తీరు మీద, దాన్ని రాసిన పీటర్ డోరన్ 2006లో 'న్యూయార్క్ టైమ్స్'లో అభ్యంతరం చెప్పారు.

నవల నవలే కదా, ఇంత పట్టింపు ఎందుకు అనేవారుంటారు. 2005 సెప్టెంబర్‌లో అమెరికన్ సెనేట్ పర్యావరణ సంఘం సాక్ష్యమివ్వడానికి ఆయన్ని పిలిచింది. సంఘం అధ్యక్షుడు జేమ్స్ ఇన్హాఫ్ ఆ పుస్తకాన్ని మెచ్చుకున్నవారు. శాస్త్ర విధానం గురించి చట్టసభలో నవలాకారుడు సాక్షి అయ్యాక, కథ కాబట్టి వదిలేయాలన్న మాట చెల్లదు. క్రైటన్ తరఫున చెప్పదగింది ఒకటుంది. రాజకీయం కలిసిన శాస్త్రాన్ని అనుమానించాలని, లెక్కలు సరిచూసేది వేరేవాళ్లై ఉండాలని ఆయన అడిగారు. ఆ డిమాండ్ న్యాయమైనదే. దాన్ని తన పుస్తకానికి వర్తింపజేయలేదన్నదే ఇక్కడి లోపం. 'నెక్స్ట్' (2006)లో ఇదే పద్ధతి సరైన చోట తగిలింది. మనిషి శరీరంలోని జన్యువు మీద కంపెనీకి పేటెంట్ ఏమిటన్నది అందులోని ప్రశ్న. చికిత్స కోసం తీసిన ప్లీహ కణాల మీద రోగి జాన్ మూర్‌కు యాజమాన్యం లేదని కాలిఫోర్నియా న్యాయస్థానం 1990లో ఇచ్చిన తీర్పు దాని నేపథ్యం. ప్రకృతిలో ఉన్న డీఎన్ఏ మీద పేటెంట్ చెల్లదని అమెరికా సుప్రీంకోర్టు 2013లో తీర్పు చెప్పింది. అదే నవలలో తనను విమర్శించిన ఒక పాత్రికేయుడి పేరుకు దగ్గరి పేరుతో నీచమైన పాత్ర సృష్టించి కక్ష తీర్చుకోవడం మాత్రం ఆయన స్థాయికి తగని పని.

ఆయన్ని అంచనా వేయడానికి మంచి కొలబద్ద ఆయనే ఇచ్చారు. 2002లో చేసిన ఒక ప్రసంగంలో, తనకు బాగా తెలిసిన విషయం మీద పత్రికలో తప్పులు చూసి నవ్వుకున్న పాఠకుడు, పేజీ తిప్పగానే తెలియని విషయం మీద అదే పత్రికను నమ్మేస్తాడన్నారు. దానికి భౌతికశాస్త్రవేత్త ముర్రే గెల్-మాన్ పేరు పెట్టి, గొప్పవాడి పేరు తగిలిస్తే మాటకు బరువొస్తుందని కూడా నవ్వుతూ చెప్పారు. డైనోసార్ల గురించి తెలిసినవాడు వెలాసిరాప్టర్ దగ్గర నవ్వుకుని, భూతాపం గ్రాఫు దగ్గర తలూపితే జరిగేది కచ్చితంగా ఇదే.

క్రైటన్ 2008 నవంబర్ 4న లాస్ ఏంజెలస్‌లో క్యాన్సర్‌తో మరణించారు. వయసు 66. మరణానంతరం 'పైరేట్ లాటిట్యూడ్స్' (2009), రిచర్డ్ ప్రెస్టన్ పూర్తిచేసిన 'మైక్రో' (2011), 'డ్రాగన్ టీత్' (2017), జేమ్స్ ప్యాటర్సన్ పూర్తిచేసిన 'ఇరప్షన్' (2024) వచ్చాయి. వీటిలో ఏదీ ఆయన పేరును పెంచలేదు. చైనాలో దొరికిన ఒక కవచపు డైనోసార్‌కు 2002లో శాస్త్రవేత్తలు క్రైటన్‌సారస్ అని పేరు పెట్టడం వాటన్నిటికన్నా పెద్ద గౌరవం. ఆయన్ని కొత్తగా చదవబోయేవారు 'ది ఆండ్రోమెడా స్ట్రెయిన్', 'జురాసిక్ పార్క్', 'ఎయిర్‌ఫ్రేమ్' చదివితే ఆయన శక్తి ఏమిటో తెలుస్తుంది. 'స్టేట్ ఆఫ్ ఫియర్' చదవదలచినవారు హాన్సెన్ 1988 పత్రాన్ని పక్కన పెట్టుకుని, మూడు అంచనాలనూ స్వయంగా చూసుకుంటూ చదవాలి.